నూతి దగ్గర ఆగిన చదువు

సాల్మియా, కువైట్
ఫిబ్రవరి 2024

బాబూరావుగారికి,

రెబెకా రాస్తున్నది. గుర్తు పట్టడానికి ఇంటిపేరు కూడా రాయాలేమో అనుకున్నాను గానీ, తూర్పుపేట కుమారస్వామి మాస్టారి అమ్మాయిని అంటే మీకు చాలు.

ఈ ఉత్తరం మన క్రిస్టీనా తెస్తుంది. ఇక్కడ నా పక్క ఇంట్లోనే పనిచేస్తుంది, సెలవు మీద ఊరికి వస్తోంది. మీతో ఫోన్లో మాట్లాడదామని మా ఇంటి తాళాలు చూసుకునే ఎలీసమ్మ పిన్నిని నెంబరు అడిగితే, "ఉత్తరం రాసుకో అమ్మా, ఆయన ఫోనెత్తడు" అని మాట మార్చేసింది. పోనీలే, ఉత్తరమే బావుంటుంది. చేత్తో తెలుగు రాసి ఎన్నాళ్ళయిందో.

నాన్న పోయి ఏడాది అయింది. అప్పుడు రాలేకపోయాను. నేను చూసుకునే ముసలావిడని ఇక్కడి అలవాటు ప్రకారం మామా అంటాను. ఆవిడ ఆసుపత్రిలో ఉండి నన్ను కదలనివ్వలేదు. సమాధుల తోటలో మట్టి వేయడం ఫోన్లో చూశాను. గుంపులో అందరి వెనకా మెడకి తువ్వాలు చుట్టుకుని ఒకాయన నిలబడి ఉన్నారు. మీరేనా?

పని ఏమిటంటే, పుస్తకాలు. నాన్న రెండు అద్దాల బీరువాలూ ఆయన పోయినప్పుడు ఎలా మూశారో అలాగే ఉన్నాయట. "చెదలు పట్టేసేయేమోనే, తలుపు తియ్యాలంటే నాకు బయ్యం" అంటుంది పిన్ని. కులం గురించి, కూలి గురించి, నూతుల గురించి, మనుషులంతా ఒక్కటే అన్న ఒక్క మాట గురించి ఎవరెక్కడ ఏం రాసినా నాన్న తెచ్చుకునేవారు. బెజవాడ వెళ్తే నాకు గాజులు మర్చిపోయేవారు గానీ, సంచీ నిండా అవి మాత్రం వచ్చేవి. వాటిని చెదలకి వదిలేయడానికి నాకు మనసొప్పడం లేదు. వాటిని మీకంటే ఎరిగినవాళ్ళు ఊళ్ళో లేరు, మీరే చూసుకోవాలి.

ఆదివారం చదువులు గుర్తున్నాయా అని అడగడమే తప్పు. చర్చి అయ్యాక, అన్నాలు తిన్నాక, మా అరుగు మీద పీట వేసుకుని మీరు చదివేవారు. కింద ఆడవాళ్ళమంతా కొబ్బరి పీచు ఒళ్ళో పోసుకుని తాళ్ళు పేనుతూ వినేవాళ్ళం. ఎక్కడ చదువు ఆగితే అక్కడ ఎవరో ఒకరి ఒళ్ళోంచి పీచు పోగు తీసి పుస్తకంలో పెట్టేవారు. వచ్చే ఆదివారం ఆ పోగు దగ్గర ఎత్తుకునేవారు. ఇక్కడికొచ్చాక ఎన్నో గొంతులు విన్నాను. తెలుగులో పొడుగాటి వాక్యాన్ని చివరిదాకా తొణక్కుండా తీసుకెళ్ళే గొంతు మాత్రం మళ్ళీ వినలేదు. మీ గొంతంటే నాకెంత ఇష్టమో అప్పుడు చెప్పే వీల్లేదు. ఇప్పుడు చెప్పినా కొట్టేవాళ్ళు లేరు.

రెండు కోరికలు. ఆ చదువులు మళ్ళీ మొదలుపెట్టండి, మా అరుగు మీదే, రెండు పేటల వాళ్ళనీ పిలిచి. రెండోది, ఒక్కసారి ఫోన్ చేసి నాకు ఒక పేజీ చదివి వినిపించండి. ఏ పేజీ అయినా సరే.

మిమ్మల్ని ఏమని పిలవాలో అప్పుడూ తెలీదు, ఇప్పుడూ తెలీదు. కాలవకి ఇటు మాలలం మేము, అటు మాదిగలు మీరు. ఊళ్ళోవాళ్ళకి రెండూ ఒకటే, మనకే వేరు. ఇటు మనిషి అటు మనిషిని బాబాయ్ అనడు, అత్తా అనడు. వరసలు కలపని చోట పుట్టాం కాబట్టి, ప్రస్తుతానికి గారు.

రెబెకా


పడమటిపేట, పి.గన్నవరం మండలం
మార్చి 2024

రెబెకాగారికి వందనాలు.

క్రిస్టీనాగారు ఉత్తరంతో పాటు ఒక సబ్బు కూడా చేతిలో పెట్టారు. అది మీరు పంపిందో, ఆవిడ దయో అడగలేకపోయాను. వాసన బావుందట. వాడకుండా ట్రంకు పెట్టెలో చొక్కాల మధ్య పెట్టాను. ఇప్పుడు నా చొక్కాలు కువైట్ వెళ్ళొచ్చినట్టు ఉన్నాయి.

సమాధుల తోటలో నిలబడింది నేనే.

మీ నాన్నగారి పుస్తకాలకి నన్ను కాపలా పెట్టడం పిల్లికి పాలకుండ అప్పగించినట్టే. అయినా మీరు మర్చిపోయారేమో, నాకు మీ అరుగు దాకానే పీట. గుమ్మం దాటింది లేదు. మిమ్మల్ని నాకిమ్మని అడిగిన రోజు కూడా అరుగు మీద నిలబడే అడిగాను. "చదువు చదువే, వరస వరసే బాబూరావ్. ఆ రెండూ కలపకు" అన్నారు మాస్టారు. ఆ తర్వాతి ఆదివారం నుంచి చదువులు లేవు. ఆ వేసవిలోనే మీకు రాజోలు సంబంధం చేసేశారు. పైవాళ్ళు మనల్ని దూరం పెట్టారని రాసిన పుస్తకాలన్నీ నా చేత చదివించుకున్న మనిషి, కాలవ దాటించి పిల్లని ఇవ్వలేకపోయారు. కోపం ఎప్పుడో పోయింది. ఆశ్చర్యం మాత్రం పోలేదు.

మొన్న ఎలీసమ్మగారు తాళం తీశారు. నేను అలవాటుగా అరుగు మీదే ఆగిపోయాను. "ఏంటయ్యా, లోపలికొత్తే ఇల్లేం కూలిపోదులే. ఆయన ఉన్నప్పుడే రావాల్సినోడివి" అన్నారు. చెప్పులు విప్పి వెళ్ళాను. నడవలో మీ పెళ్ళి ఫోటో ఉంది. దాన్ని చూడకుండా బీరువాల దగ్గరికి వెళ్ళిపోయాను.

చెదలు కింది అరకే పట్టాయి. మిగతావి క్షేమం. అన్నిటినీ ఎండలో పెట్టి, అరల్లో వేపాకు పరిచి మళ్ళీ సర్దాను. నూతి పుస్తకం కూడా దొరికింది. అట్టా, మొదటి పేజీలూ లేక పేరే తెలియని పుస్తకానికి మనం పెట్టుకున్న పేరు అది. పీచు పోగు నల్లబడింది గానీ ఉన్నచోటే ఉంది. అందులో పోలమ్మ ఊరివాళ్ళ నూతి దగ్గరికి వెళ్ళి, అందరూ చూస్తుండగా చేద లోపలికి దించుతుంది. ఆ రోజు అక్కడ ఆపాను. ఆ పోగు మీ ఒళ్ళోంచి తీసిందే. తర్వాతి పేజీ నేను తిప్పలేదు. పదిమందీ కలిసి వినాల్సినదాన్ని ఒక్కణ్ణే చదువుకుంటే ఏం బావుంటుంది?

ఫోను సంగతి వదిలేయండి. ఇక్కడ సిగ్నలు సరిగ్గా ఉండదు. ఆటోలో కూచుని మైకు పట్టుకుని ఊరూరా ప్రచారం చేసే పని కూడా మానేశాను. ఇంట్లోనే కుట్టుమిషను పెట్టుకుని స్కూలు పిల్లల నిక్కర్లు కుడుతున్నాను. ఆయ్, బానే ఉన్నానండి.

బాబూరావు


సాల్మియా, కువైట్
మే 2024

బాబూరావుగారూ,

సబ్బు నేనే పంపాను. దాచుకోవడానికి కాదు, వాడండి.

నన్ను గారు అంటుంటే ఎవరో స్కూలు తనిఖీకి వచ్చినావిడని పిలిచినట్టుంది. నువ్వు అనండి. ఈ దేశంలో నన్ను పేరు పెట్టి పిలిచేవాళ్ళే తక్కువ.

పోలమ్మ చేద దించిన రోజు నాకు కళ్ళకి కట్టినట్టుంది. మా అందరి చేతులూ ఒక్కసారే ఆగిపోయాయి. బేబీ వాళ్ళమ్మ అయితే పేనుతున్న తాడు పళ్ళతో పట్టుకుని అలాగే ఉండిపోయింది. మీరేమో నవ్వుకుంటూ పుస్తకం మూసేశారు. "వచ్చే ఆదివారం" అన్నారు. ఆ ఆదివారం ఇంకా రాలేదు. ఇక్కడ కుళాయి తిప్పినప్పుడల్లా పోలమ్మే గుర్తొస్తుంది. ఆ చేద పైకొచ్చిందా, ఎవరైనా తాడు కోసేశారా? నాకు నేనే ముగింపులు కట్టుకుంటాను. ఇంట్లో తిట్లు తిన్న రోజు తాడు తెగుతుంది. మామా నా నుదురు తడిమి "తిన్నావా" అని అడిగిన రోజు నీళ్ళొస్తాయి. మీ గొంతులో వింటే గానీ ఏది నిజమో తేలదు.

మీరు అడగలేదు, నేనే చెబుతున్నాను. మా ఆయన మంచివాడు. రాజోలులో కొబ్బరి కొట్లో గుమాస్తా. విషజ్వరంతో పోయాడు. పిల్లలు లేరు. ఆయన జన్మలో ఒక్క పుస్తకం ముట్టలేదు గానీ, అన్నం నాకు పెట్టాకే తను తినేవాడు. నాన్నేమో అన్ని పుస్తకాలు చదివారు. మనిషి మంచికీ చదువుకీ లంకె ఎక్కడుందో నాకు ఇప్పటికీ అంతుచిక్కలేదు. అయినా పుస్తకాల మీద నా ఆశ చావదు. నాన్న చేయలేకపోయింది వాటిలో తప్పు కాదు కదా.

ఇక మీ సిగ్నలు సంగతి. పిన్ని వీడియోలో తన కోడిపెట్టని, దాని పిల్లల్ని, పక్కింటి మేకని కూడా చూపిస్తుంది. కాలవకి ఇటున్న సిగ్నలు అటు లేదా? సిగ్నలుకి కూడా కులముందాండీ? ఫోన్ చేయడం మొహమాటమైతే ఒక పేజీ చదివి రికార్డు చేసి నా ఫోనుకి పంపండి. నేను పనయ్యాక మేడ మీద ఆరేసిన బట్టల మధ్య నిలబడి వింటాను. అక్కడైతే ఏడ్చినా ఎవరూ చూడరు.

రెబెకా


పడమటిపేట
ఆగస్టు 2024

రెబెకా,

నువ్వు అనమన్నావు కాబట్టి అంటున్నాను. మొదటిసారి రాసి కాగితం చించేశాను. రెండోసారికి అలవాటైంది.

నీకొక వింత చెప్పాలి. ముందు నవ్వు, తర్వాత ఏడుద్దువు గాని.

గోదారి పెరిగింది. గన్నవరం అక్విడక్టు దగ్గర నీళ్ళు చూసొచ్చినవాళ్ళు "ఈసారి గట్టు నిలబడేలా లేదండి" అన్నారు. మీ ఇల్లు పల్లంలో ఉంది. పుస్తకాలు మెరక మీదకి మార్చాలి. మీ చర్చీ మెరకే, మా చర్చీ మెరకే. ఏ చర్చిలో పెట్టాలి? అక్కడొచ్చింది తంటా.

మీ పేట పెద్ద కనకరత్నంగారు, "మా మాస్టారి పుస్తకాలండి. మా గుళ్ళోనే ఉండాలి" అన్నారు. మా పెద్ద జగ్గారావు ఊరుకుంటాడా? "ఆయన కొన్నారు, కాదన్లేదండి. నోరు నొప్పెట్టేలా చదివింది మావోడు. పుస్తకం కొన్నోడిదా, చదివినోడిదా?" అన్నాడు. తిక్క మనిషైనా మంచి ప్రశ్న వేశాడు. కాలవ వంతెన మీద, వానలో, గొడుగుల కింద దీని మీదే వాదన. నేను ఇద్దరి మధ్యా నిలబడి చేతులూపుతూనే ఉన్నాను. నన్నెవరు చూస్తారు? చివరికి ఎవరో తీర్పు చెప్పారు. "మాస్టారు సమానత్వం అనేవోరు గదండి. సమానంగా పంచేద్దాం."

పంచారు. ఎలాగనుకున్నావు? పేకముక్కలు పంచినట్టు. ఒకటి ఇటు, ఒకటి అటు. కులం పుట్టుక మీద మాస్టారు బెజవాడ నుంచి మోసుకొచ్చిన లావుపాటి సంపుటాలు లేవూ? ఒకటీ మూడూ అయిదూ మీ గుళ్ళోకి, రెండూ నాలుగూ ఆరూ మా గుళ్ళోకి వెళ్ళాయి. ఇప్పుడు కులం ఎలా పుట్టిందో మీ పేటకి తెలుస్తుంది, అది ఎలా పోవాలో మా పేటకి తెలుస్తుంది. మొత్తం తెలిసినవాడు ఊళ్ళో ఉండడు.

ఆఖర్న నూతి పుస్తకం మిగిలింది. దానికి జత లేదు. జగ్గారావు ఒక అంచు, కనకరత్నంగారు ఒక అంచు పట్టుకున్నారు. లాగారని అనను. వదల్లేదంతే. దాని వెన్ను ఎప్పుడో పోయింది కదా, పోగు పెట్టిన చోట రెండుగా విడిపోయింది. కింద పడిన పోగుని నేను అందుకున్నాను. మొదటి సగం మాకు, రెండో సగం మీకు. ఎలీసమ్మగారు, "సిగ్గులేదట్రా మీకు! పోయినాయన పుస్తకాన్ని కోడిని కోసినట్టు కోసేసేరు" అని తిట్టి వానలో తడుస్తూ వెళ్ళిపోయారు.

గట్టు నిలబడింది. నీళ్ళు తీసేశాయి. పుస్తకాలు మాత్రం ఎక్కడివక్కడే ఉన్నాయి. "వాళ్ళు ముందు తెత్తే మేం తెత్తాం" అని ఇక్కడంటారు. అక్కడా అదే మాట.

ఇంకో చోద్యం చూడు. మా పేట ఆడవాళ్ళు మొదటి సగం పిల్లల చేత కూడబలుక్కుని చదివించుకున్నారు. ఇప్పుడు చేద నూతిలో ఉంది, పైకి లాగేవాళ్ళు లేరు. "తర్వాతేవైందండీ?" అని దారిలో నన్ను ఆపుతున్నారు. మీ పేటలో నీళ్ళొచ్చాయో లేదో తెలిసింది గానీ, ఆ నుయ్యి ఎవరిదో, ఆ ఆడమనిషి అక్కడికి ఎందుకెళ్ళిందో తెలీదు. దీనికంటే మీ నాన్నగారు బీరువాకి తాళం వేయడమే నయమేమో అని ఒక్క క్షణం అనిపించింది.

రికార్డు సంగతి అడిగావు. నా ఫోను పాతది, పట్టించుకోకు.

బాబూరావు


సాల్మియా, కువైట్
సెప్టెంబరు 2024

బాబూరావుగారూ,

నవ్వాను. మామా పక్క గదిలోంచి ఏమైందని అడిగింది. మావాళ్ళు సమానత్వాన్ని పేకముక్కల్లా పంచుకున్నారని అరబ్బీలో ఎలా చెప్పాలో నాకు రాదు. తర్వాత మీరన్నట్టే ఏడుపొచ్చింది. ఆ పోగు పడేయకండి.

"రెండో సగం నేనిన్నాన్లే, చెప్పెయ్యనా?" అంది పిన్ని. చెవులు మూసుకుని వద్దన్నాను.

ఇప్పుడు అసలు మాట రాస్తాను. నవంబరుతో నా అకామా, అంటే ఇక్కడ ఉండే అనుమతి, అయిపోతుంది. ఇంకో రెండేళ్ళు ఉండమని కాగితం తెచ్చి నా ముందు పెట్టారు. సంతకం పెట్టడమే తరువాయి. మామా నా చెయ్యి వదలడం లేదు. ఆవిడంటే నాకూ జాలే. కానీ ఇంకో రెండేళ్ళు ఉంటే ఊరికి నేనెవరో, నాకు ఊరేమిటో!

నాకు రావాలని ఉంది. ఎంత ఉందంటే, బజార్లో కొబ్బరికాయ కనిపిస్తే కొనకుండా ఊరికే పీచు నిమిరి వచ్చేస్తున్నాను. కొట్టువాడు నన్ను దొంగని చూసినట్టు చూస్తాడు. అయినా తాళం వేసిన ఇంటికి రాలేను. సమాధి చూసుకుంటూ బతకడానికి రాలేను. మీరు రమ్మంటే వస్తాను. నలభై దాటిన దాన్ని, ఇంకా సిగ్గేమిటి?

చదువు మొదలుపెట్టమంటే మాట మార్చారు. ఫోనంటే సిగ్నలన్నారు. రికార్డంటే ఫోను పాతదన్నారు. నిక్కర్లు కుట్టుకునే మనిషికి ఒక పేజీ చదివే తీరికే లేదా? నాన్న అన్న మాటకి నా మీద కోపం పెట్టుకున్నారా? పేజీ వద్దు. ఫోన్ చేసి "రా" అనండి. మీ గొంతుతో ఆ ఒక్క మాట. ఈ నెలాఖరు దాకా చూస్తాను. రాకపోతే నా మీద మనసు లేదని తెలుసుకుని సంతకం పెట్టేస్తాను. కోపం ఏమీ ఉండదు. ఉంటుంది, అబద్ధమెందుకు.

రెబెకా


పడమటిపేట
సెప్టెంబరు 2024

రెబెకా,

నెలాఖరు దాటకుండా చేరాలని ఇది రాసి, ఫోటో తీయించి ఎలీసమ్మగారి ఫోన్లోంచి పంపిస్తున్నాను. అసలు ఉత్తరం వెనక వస్తుంది.

నాకు గొంతు లేదు.

ఇలా రాస్తే అర్థం కాదేమో, వివరంగా రాస్తాను. రెండేళ్ళ కిందట గొంతులో పుండు పడింది. లంక చుట్టల వల్లో, మైకులో కేకల వల్లో డాక్టరు తేల్చలేదు గానీ, కేన్సరని మాత్రం తేల్చారు. కాకినాడలో ఆపరేషను చేసి స్వరపేటిక మొత్తం తీసేశారు. మెడ కింద చిల్లు ఉంటుంది, ఊపిరి దాంతోనే. నువ్వు చూసిన తువ్వాలు దాని మీద కప్పుకున్నదే. మెడకి ఆనించి మాట్లాడే మిషను ఒకటిచ్చారు. సరిగ్గా తగలని రేడియోలా గరగరమంటుంది. పిల్లలు జడుసుకుంటే ట్రంకు పెట్టెలో పడేశాను. నీ సబ్బు పక్కనే ఉంది.

నీకు తప్ప అందరికీ తెలుసు. ఎలీసమ్మగారిని తప్పు పట్టకు, చేతులు పట్టుకుని బతిమాలాను. క్రిస్టీనాగారి చేత ఒట్టు వేయించుకున్నాను. నువ్వు మొదటి ఉత్తరంలోనే నా గొంతు గురించి రాశావు. నీ దగ్గర నాకున్నది ఆ ఒక్కటే. అదీ పోయిందని ఏ చేత్తో రాయను? నిజం చెప్పనన్నాళ్ళూ అది నీ చెవుల్లోనైనా బతికి ఉంటుంది కదా అనుకున్నాను.

మీ నాన్నగారు ఆసుపత్రికి వచ్చారు. ఈ సంగతి ఆయన నీకు చెప్పి ఉండరు. బత్తాయిలు తెచ్చారు. నేను తినకూడదని నర్సు చెబితే ఆ సంచీ ఒళ్ళోనే పెట్టుకుని కూచున్నారు. ఇద్దరం కిటికీలోంచి అంబులెన్సుల్ని చూశాం. వెళ్ళేటప్పుడు నా తల మీద చెయ్యి పెట్టి, "చదువు ఆపేసింది నేను, నువ్వు కాదు" అన్నారు. అంతకుమించి ఆయన వల్ల కాలేదు. నాకు అదే ఎక్కువ.

కాబట్టి నువ్వడిగిన మాట నేను అనలేను. అరుగు మీద పీట వేసినా చదవలేను. ఆ గొంతు కోసం సముద్రం దాటి వచ్చి, ఈ మనిషిని చూసి నువ్వు గుమ్మంలో ఆగిపోతే నేను తట్టుకోలేను. నీకు ఏది మంచిదనిపిస్తే అది చెయ్యి.

మనసు లేదని మాత్రం అనుకోకు. అది ఆపరేషనులో తీయలేదు.

బాబూరావు


సాల్మియా, కువైట్
అక్టోబరు 2024

బావా,

ఈ మాట రాయడానికి పెన్ను పట్టుకుని చాలాసేపు కూచున్నాను. రాశాక చూస్తే ఏమంత కష్టం కాదు. మన రెండు పేటలకీ వరస ఎవరు కలుపుతారని ఇన్నాళ్ళూ చూశాను. నాన్న కలపలేదు, పెద్దలు కలపరు. నేనే కలిపేశాను. ఇక మీరు అనను, నువ్వే.

ఏడ్చాను. మేడ మీద బట్టల మధ్యే. నీ గొంతు పోయినందుకు ఏడ్చాను, ఆ ఆసుపత్రి మంచం మీద నువ్వు ఒక్కడివే ఉన్నందుకు ఏడ్చాను, నాన్న బత్తాయిలు వెనక్కి మోసుకెళ్ళినందుకు కూడా ఏడ్చాను. క్రిస్టీనాతో మాట్లాడడం మానేస్తే, అదే వచ్చి నా ఒళ్ళో పడి ఏడ్చింది. ఒట్టు వేయించుకునేవాడివి, దాని మొహమైనా చూడలేదా? ఏదీ దాచుకోలేని పిల్ల.

ఒకటి తెలుసుకో. నీతో మాట్లాడే వీల్లేదు, నీ పక్కన నడిచే వీల్లేదు. నీదంటూ ఆ అరుగు దిగి నా దాకా వచ్చింది గొంతొక్కటే. అందుకని దాన్నే పట్టుకున్నాను. ఇప్పుడు మనిషే ఉండగా గొంతుతో నాకేం పని?

అబద్ధం రాశాను. పని ఉంది. ఆ లోటు నాకు బతికినంతకాలం ఉంటుంది. దానికోసం నిన్ను వదులుకునే తెలివితక్కువ దాన్ని మాత్రం కాను.

ఇంకో సంగతి నిన్ను నిలదీయాలి. అన్నేళ్ళూ చదివింది మగవాళ్ళు, కింద కూచుని పేనింది ఆడవాళ్ళం. సమానత్వం మీద అన్ని పుస్తకాలు విన్నాం గదా, ఒక్క ఆదివారమైనా "రెబెకా, నువ్వు చదువు" అని ఎవరైనా అన్నారా? నాన్న అనలేదు. నువ్వూ అనలేదు బావా. ఆ పీట మీద కూచోవాలని నాకెంత ఉండేదో తెలుసా? చేతులు తాడు పేనుతుంటే నా పెదాలు నీతోపాటే కదిలేవి. నువ్వు పుస్తకంలోంచి తలెత్తితే కదా కనపడడానికి.

నేను చదువుతాను. నువ్వు కింద కూచుని, ఒళ్ళో పీచు పోసుకుని తాడు పేను. పురి ఎలా ఎక్కించాలో పిన్ని నేర్పుతుంది. వంకర పోతే తిడుతుంది, పడు.

సంతకం పెట్టలేదు. కాగితం బల్ల మీదే ఉంది. గొంతుతో అనమన్న షరతు తీసేశాను. ఆ మాట నీకెలా వీలైతే అలా అను.

రెబెకా


తూర్పుపేట, మాస్టారి అరుగు
అక్టోబరు 2024

రెబెకా,

ఈ ఉత్తరం ఎక్కణ్ణించి రాస్తున్నానో పైన చూశావు కదా.

నీ ఉత్తరంలో మొదటి మాట ఒక్కటే ఎలీసమ్మగారికి చూపించాను, మిగతాది చెయ్యి అడ్డం పెట్టి. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని, కూడబలుక్కుని చదివి, నన్ను కిందనుంచి పైదాకా చూశారు. "అయితే నువ్వు నాకల్లుడివన్నమాట" అన్నారు. అని ఊరుకోలేదు. తిన్నగా వెళ్ళి కనకరత్నంగారి గుమ్మంలో నిలబడి, వీధంతా వినపడేలా, "మా అల్లుడు అడుగుతున్నాడు, ఆ సగం పుస్తకం ఇలా తెండెహే" అన్నారు. ఆయన గుడి తాళం తీశారు. పుస్తకం ఇచ్చేశారు. ఇది విని జగ్గారావు, "వాళ్ళు ముందిచ్చేరు గదండి, ఇంక మనవాగితే బాగోదు" అని మా సగం తనే పట్టుకొచ్చాడు.

రెండు సగాలూ కలిపి దబ్బనంతో కుట్టాను. నిక్కర్లు కుట్టిన చెయ్యి కదా, కుట్టు కొంచెం లావుగా వచ్చింది. పుస్తకం మూస్తే నడుమ ఉబ్బుతుంది. పోగు మళ్ళీ ఉన్నచోటే పెట్టాను.

అంతా బాగైపోయిందని రాయను. సంపుటాలు ఇంకా అటు సగం, ఇటు సగమే. మా వీధిలో ఒకాయన నన్ను చూసి మొహం తిప్పుకుంటున్నాడు. మీ వీధిలో నీ గురించి ఏమంటున్నారో ఎలీసమ్మగారు నాకు చెప్పరు, నేను అడగను. అయినా మొన్న ఆదివారం ఉత్త అరుగు చూడ్డానికే రెండు పేటల నుంచీ ఆడవాళ్ళు వచ్చారు. "ఎవరండీ చదివేది?" అని అడిగారు. నేను మీ పెళ్ళి ఫోటోలో నిన్ను చూపించాను. ఈసారి దాన్ని చూడగలిగాను.

నా తాడు వంకరగానే వస్తోంది. మీ పిన్ని తిడుతున్నారు, పడుతున్నాను.

నువ్వు చదువుతావా అని అడగాల్సింది. నిజమే, నేను తలెత్తలేదు. ఇకమీదట ఎత్తే ఉంచుతాను.

పోలమ్మ చేద ఇంకా నూతిలోనే ఉంది. చివరేమైందో తెలిసినవాళ్ళు నోరు విప్పకుండా ఎలీసమ్మగారు కాపలా కాస్తున్నారు. నీ పీట కడిగి ఎండబెట్టాను. నా పీచు నానబెట్టుకున్నాను.

రా.

నీ బావ